ఈ ఇంట్లో ఎవరూ కూర తరగరా?
(ఫైన్ ఆర్ట్స్ విద్యార్థులతో ఒక సెట్ డెకరేటర్ మాట్లాడిన మాటలు, రికార్డింగ్ విని రాసింది)

అందరికీ నమస్కారమండి. వెనక వాళ్లకి వినపడుతోందా? ఆ, సరే. నాకు స్టేజీ మీద మాట్లాడ్డం అలవాటు లేదు, ముందే చెప్తున్నా, 30 ఏళ్లుగా సెట్లో "సైలెన్స్" అని అరవగానే నోరు మూసుకుని ఒక మూల నిలబడ్డ మనిషిని నేను, ఇవాళ మీరేమో నా చేతికే మైకిచ్చి మిమ్మల్ని సైలెన్స్‌గా కూర్చోబెట్టారు.

ఇదిగో, దీన్ని తెచ్చాను. ఏంటిది? ... ఆ, కత్తిపీట. ఎంతమంది ఇళ్లల్లో ఉందమ్మా? ఏడుగురు, ఎనిమిది మంది. పర్లేదు, నేను ఇద్దరనుకున్నా. ఇది చూడ్డానికి పాతగా ఉంది కదా, దీని కథ చెప్తే నా ఉద్యోగం ఏంటో మీకు సగం తెలిసిపోతుంది, మిగతా సగం నాకూ సరిగ్గా తెలీదు అనుకోండి.

1994లో నేను హైదరాబాద్ వచ్చా, తెనాలి నుంచి. మా ఊళ్లో విగ్రహాలు చేసేవాళ్లు, నాటకాలవాళ్లు, అందరూ ఉంటారు, మా నాన్న నాటకాలకి తెరలు రాసేవాడు, బోర్డులు కూడా రాసేవాడు, ఇప్పుడు ఫ్లెక్సీలొచ్చి ఆ పని పోయింది కానీ అప్పట్లో బట్టల కొట్టు బోర్డంటే మా నాన్నే. నేను ఆయన దగ్గర బ్రష్షులు కడుగుతూ పెరిగా. ఆ ధైర్యంతో కృష్ణానగర్లో దిగా. దిగితే ఏముంది, నాలాంటివాళ్లు అప్పటికే ప్రతి మేడ మీదా ఆరుగురున్నారు. ఆరు నెలలు తిరిగాక ఒక ఆర్ట్ డైరెక్టర్ గారి దగ్గర ప్రాపర్టీ కుర్రాడిగా పెట్టుకున్నారు. ప్రాపర్టీ అంటే స్థలాలూ పొలాలూ కాదండోయ్, మా అత్తగారు సంబంధం చూసినప్పుడు అలాగే అనుకున్నారట, "అబ్బాయి ప్రాపర్టీ చూసుకుంటాడంట" అని ఊరంతా చెప్పారు. (నవ్వులు) కుర్చీ, కూజా, ఫోటో ఫ్రేము, చీపురు, ఇలా సీన్లో కనపడే సామానంతా ప్రాపర్టీ. మా గొడవ అదీ.

రెండో సినిమానో మూడోదో, ఒక పల్లెటూరి వంటిల్లు వేశాం స్టూడియో ఫ్లోర్లో. మట్టి గోడ, పొయ్యి, ఉట్టి, రోలు, అన్నీ. నా పని సామాను సర్దడం. బేగంబజార్ వెళ్లి కొత్త కత్తిపీట కొనుక్కొచ్చి, కాస్త మసి పూసి, పొయ్యి పక్కన పెట్టా. భలే ఉందని నాకు నేనే అనుకుంటున్నా. ఆ సీన్లో నలుగురు జూనియర్ ఆర్టిస్టులున్నారు, అందులో ఒకావిడకి అరవై దాటి ఉంటాయి. ఆవిడ కత్తిపీట ముందు కూర్చుని కాలేసి తొక్కి, ఒక్క నిమిషం చూసి నావంక తిరిగి, "ఏం నాయనా, ఈ ఇంట్లో ఎవరూ కూర తరగరా?" అంది.

నాకర్థం కాలా. ఏంటమ్మా అన్నా. "పీటకి కాలు పెట్టే చోట నునుపు లేదు. కత్తి నడుమ అరగలా. ఈ ఇంటి ముసలమ్మ ముప్పై ఏళ్ల నుంచి ఇక్కడే కాపురం చేస్తోందని కదా మీ కథ, మరి దేంతో తరుగుతోంది, పళ్లతోనా?" అంది. చుట్టూ అందరూ నవ్వారు. డైరెక్టరుకి ఇదంతా తెలీదు, షాట్ తీసేశారు, సినిమాలో ఆ కత్తిపీట అర సెకను కూడా కనపడదు. కానీ నాకు ఆ రాత్రి నిద్ర పట్టలేదండి. మర్నాడు ఆవిడ ఇంటికెళ్లి, ఆవిడ కత్తిపీట నాకిమ్మని అడిగి, కొత్తది ఆవిడకిచ్చి మార్చుకున్నా. ఇదే అది. ఇక్కడ చూడండి, అందరికీ పాస్ చేయండి, చేతులు జాగ్రత్త, పదునుంది. కాలు పెట్టే చోట ఎట్లా మెరుస్తోందో చూశారా? కత్తి మధ్యలో సన్నబడి లోపలికి వంగింది, సానపట్టీ సానపట్టీ. పీట కింద ఒక కాలు కొంచెం పొట్టి, దానికి అట్టముక్క. ఆ అట్టముక్క నేను పెట్టింది కాదు, ఆవిడ పెట్టిందే.

మనవాళ్లు ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అంటారు కదా. మేం వారంలో ఇల్లు కడతాం, ఆ ఇంట్లోనే పెళ్లి కూడా చేస్తాం, పదోరోజు పీకి లారీ ఎక్కిస్తాం. అదేం గొప్ప కాదు. గోడ కట్టడానికి మేస్త్రీలున్నారు, డబ్బులుంటే చాలు. ఆ గోడల మధ్య ముప్పై ఏళ్లు ఎవరో కాపురం చేసినట్టు కనపడాలి, అదండీ కష్టం. నేను ఇవాళ చెప్పదల్చుకుంది ఇదొక్కటే, మిగతాదంతా దీని చుట్టూ తిరిగే సోదే.

ఇప్పుడు ఈ పేర్ల గొడవ చెప్పాలి, మీరు రేపు సినిమా టైటిల్స్‌లో చూస్తారు కదా, ప్రొడక్షన్ డిజైనర్ అని ఒకరు, ఆర్ట్ డైరెక్టర్ అని ఇంకొకరు, సెట్ డెకరేటర్ అని ఎక్కడో కింద. మన దగ్గర చాలా కాలం ఒక్కటే పేరు, కళ. "కళ: ఫలానా". అంతే, అందులోనే అందరం ఉన్నాం. హాలీవుడ్‌లో కూడా మొదట ఆర్ట్ డైరెక్టర్ అనే అనేవాళ్లు, 1929లో మొదటిసారి ఆస్కార్ ఇచ్చినప్పుడే ఆర్ట్ డైరెక్షన్‌కి బహుమతి ఉంది, అది పుచ్చుకున్నాయన విలియం కామెరాన్ మెంజీస్. అదే ఆయనకి పదేళ్ల తర్వాత 1939లో గాన్ విత్ ది విండ్ సినిమాకి ప్రొడక్షన్ డిజైనర్ అని కొత్త పేరు పెట్టారు, ఎందుకంటే ఆయన గోడలూ తలుపులూ గీసి ఊరుకోలేదు, సినిమా మొత్తం ఏ రంగులో ఏ కోణంలో ఎలా కనపడాలో బొమ్మలేసి ఇచ్చాడు. ఆస్కార్ వాళ్లు ఆ అవార్డు పేరుని ప్రొడక్షన్ డిజైన్ అని మార్చింది మాత్రం 2012లో. అన్నేళ్లు పట్టింది! ఇంకో సంగతి, ఆ అవార్డు ప్రొడక్షన్ డిజైనర్‌కి ఒక్కడికే ఇవ్వరు, సెట్ డెకరేటర్‌కి కూడా ఇస్తారు, ఇద్దరూ కలిసి స్టేజీ ఎక్కుతారు. మన దగ్గర డెకరేటర్ స్టేజీ ఎక్కేది దాని మీద పూలు కట్టడానికే. సరే, పోనీండి.

తేడా ఏంటంటే, డిజైనర్ సినిమా మొత్తానికి లోకాన్ని ఊహిస్తాడు. డైరెక్టర్‌తో, కెమెరామేన్‌తో కూర్చుని ఈ కథ రంగేంటి, ఈ కుటుంబం డబ్బున్నదా లేనిదా, ఉండి పోగొట్టుకున్నదా, అదంతా తేల్చుకుంటాడు. ఆర్ట్ డైరెక్టర్ దాన్ని కొలతల్లోకి దింపి మేస్త్రీలతో కట్టిస్తాడు, ఖర్చు చూసుకుంటాడు. మాబోటి డెకరేటర్ వచ్చి సామాను సర్దుతాడు. చిన్న సినిమాల్లో ముగ్గురూ ఒకడే, ఆ ఒకడే ఆటో మాట్లాడి సామాను తెస్తాడు కూడా.

మన వాళ్ల సంగతి కొంచెం చెప్పాలి, లేకపోతే ఇదంతా ఎక్కడో బయటి నుంచి వచ్చిందనుకుంటారు. సురభి నాటకాలు చూశారా ఎవరైనా? చూడండి, తప్పకుండా చూడండి. 1885లో కడప జిల్లా సురభి ఊళ్లో మొదలైన కుటుంబం, ఇప్పటికీ ఆడుతున్నారు. ఆ తెరలు, తాళ్ల మీద గాల్లో ఎగరడాలు, కళ్లముందే రాజసభ పోయి అడవి రావడం, అదంతా సెట్ డిజైనే, పేరు పెట్టలేదంతే. మా నాన్న సురభి వాళ్ల తెర ఒకటి చూసి వచ్చి మూడు రోజులు అన్నం సరిగా తినలేదని మా అమ్మ చెప్పేది. ఒక పల్చటి గుడ్డ మీద రాసిన స్తంభం, పక్కనుంచి లైటు పడితే గుండ్రంగా కనపడేలా నీడ రాయాలి, అది చేతికి రావాలంటే ఏళ్లు పడుతుంది.

అక్కణ్ణుంచి మద్రాసు. వాహినీ స్టూడియో, విజయా వాళ్లు. 1951 మల్లీశ్వరికి కళ ఎ.కె. శేఖర్ గారు. ఆ సినిమా మళ్లీ చూడండి, పాటల కోసం కాదు, ఊళ్లో ఇంటి అరుగులు చూడండి, తలుపుల ఎత్తు చూడండి. ఆ తర్వాత 1957 మాయాబజార్. కళ మాధవపెద్ది గోఖలే గారు, కళాధర్ గారు. గోఖలే గారు బొమ్మలే కాదు, కథలూ రాశారు, నాకనిపిస్తుంది అందుకే ఆయన బొమ్మల్లో మనిషి ఉంటాడని. ఆ సినిమాలో ద్వారక పైనుంచి కనపడే షాట్ ఉంది కదా, అది 50 అడుగులకి 60 అడుగుల జాగాలో 300 బుల్లి ఇళ్లు కట్టి, ఒక్కో ఇంట్లో విడివిడిగా లైటు పెట్టి తీశారని చెప్తారు. ఒకసారి ఊహించండి, ఒక్కో ఇంటికి ఒక వైరు! నేను ఒక మినియేచర్లో 40 ఇళ్లకి లైట్లు పెట్టి అందులో సగం వెలక్క తెల్లారిందాకా దేవులాడినవాణ్ణి, అందుకని ఆ 300 నాకు తెలుసు, లెక్కగా కాదు, నడుం నొప్పిగా. కెమెరా మార్కస్ బార్ట్‌లీ గారు, ఆయన లైటింగ్ లేకపోతే ఆ ఇళ్లు బొమ్మరిల్లులాగే ఉండేవి. కెమెరామేన్‌కీ మనకీ ఉండే సంబంధం మొగుడూపెళ్లాల సంబంధం, రోజూ పోట్లాటే కానీ విడిపోతే ఇద్దరికీ గతి లేదు.

బ్లాక్ అండ్ వైట్ రోజుల్లో ఇంకో తమాషా, సెట్‌కి వేసే రంగు అసలు రంగు కానక్కర్లా. ఎరుపూ ఆకుపచ్చా మన కంటికి ఎంత తేడా, ఫిల్ములో రెండూ ఒకే బూడిద రంగులో కలిసిపోవచ్చు. అందుకని ఏ రంగు ఎంత బూడిదగా వస్తుందో చూసుకుని వేసేవాళ్లు, సెట్ కళ్లతో చూస్తే వెర్రిమొర్రి రంగుల్లో ఉండేదని మా మాస్టారు నవ్వేవారు, ఆయన కుర్రతనంలో మద్రాసు కోడంబాకంలో, స్టూడియోలుండే చోట, పనిచేశారు.

తర్వాత తోట తరణి గారు. మచిలీపట్నంలో పుట్టిన మనిషి, నాన్నగారు తోట వెంకటేశ్వరరావు గారు కూడా ఈ పనిలోనే. 1987 నాయకుడు సినిమాకి జాతీయ అవార్డొచ్చింది ఆయనకి. అందులో ధారావి మురికివాడ చూసి అందరూ బొంబాయి అనుకున్నారు, అందులో చాలా భాగం మద్రాసులో ఒక స్టూడియోలో వేసిన సెట్టు. ఆయన ధారావి వెళ్లి ఫోటోలు తీసుకొచ్చి వేశారు. మురికివాడ వేయడం రాజమహల్ కన్నా కష్టం, నామాట నమ్మండి. రాజుగారి గది ఎలా ఉంటుందో చూసినవాడు ఎవడూ లేడు కాబట్టి ఏం పెట్టినా అడిగేవాడుండడు, రేకుల షెడ్డు అందరికీ తెలుసు, ఒక్క పట్టా తాడు తప్పుగా కట్టినా దొరికిపోతావ్. ఆయనకే మళ్లీ 1996 భారతీయుడుకీ జాతీయ అవార్డు, 2001లో పద్మశ్రీ. ఇక సాబు సిరిల్ గారి గురించి మీకు నేను చెప్పక్కర్లా, బాహుబలి తర్వాత మా ఇంటి పక్కన పిల్లలకి కూడా ఆయన పేరు తెలుసు. దానివల్ల మాకొచ్చిన లాభం ఏంటంటే నిర్మాతలు ఆర్ట్ డిపార్ట్‌మెంట్ ఒకటుందని గుర్తించారు, నష్టం ఏంటంటే ప్రతివాడూ మాహిష్మతి కావాలంటాడు, బడ్జెట్ మాత్రం మంగళగిరి బస్టాండ్‌కి సరిపడా ఇస్తాడు. (నవ్వులు)

సెట్ ఎలా కడతారో త్వరగా చెప్పేస్తా, మీకు ప్రాక్టికల్స్‌లో వస్తుందిది. స్క్రిప్ట్ చదివి సీనుకో లిస్టు రాయాలి. రెక్కీ వెళ్లాలి, అంటే చోటు చూసి రావాలి, కొలతలు తీసుకోవాలి. స్కెచ్చు, దాని మీద డ్రాయింగు, ఇప్పుడు కంప్యూటర్లో స్కెచ్‌అప్ అనే సాఫ్ట్‌వేర్‌లో చేస్తున్నారు, నాకు రాదు, మా అబ్బాయి చేసి చూపిస్తాడు. తర్వాత సరుగుడు కర్రలు, ప్లైవుడ్డు, దాని మీద ప్లాస్టర్ ఆఫ్ పారిస్, అది పగలకుండా మధ్యలో పీచో గోనెపట్టానో. శిల్పాలకి థర్మాకోల్ చెక్కుతారు, లేకపోతే మోల్డ్ తీసి ఫైబర్. పైన కప్పుండదు చాలాసార్లు, లైట్లు అక్కణ్ణుంచే దిగాలి కదా. ఒక గోడ ఊడొచ్చేలా పెడతాం, కెమెరా వెనక్కి వెళ్లాలంటే జాగా కావాలి. మీరు సినిమాలో ఇరుకు గది చూసి అయ్యో పాపం అనుకుంటుంటారు, ఆ నాలుగో గోడ చోట యాభై మంది నిలబడి టీ తాగుతుంటారు.

గోడకి తెల్ల రంగు మాత్రం వేయొద్దు. పాల తెలుపు వేస్తే లైటంతా గోడే తాగి కక్కుతుంది, హీరో మొహం చీకటి, కెమెరామేన్ కేకలు. కొంచెం పసుపో బూడిదో కలిపి చంపాలి తెలుపుని. ఫిల్మ్ రోజుల్లో గోడ మీద బ్రష్ గీతలు కొన్ని దాక్కునేవి, డిజిటల్ వచ్చాక ఒక్కటీ దాగదు, 4కేలో మేకు తల కూడా పలకరిస్తుంది.

ఆ తర్వాత ఏజింగ్, అంటే కొత్తగోడని పాతది చేయడం. నాకు ఇష్టమైన పని ఇదే. కొత్తగా వచ్చినవాళ్లు ఏంచేస్తారంటే మసి నీళ్లు కలిపి గోడంతా ఒకేలా కొట్టేస్తారు, అది పాతగోడలా ఉండదు, ఒళ్లు కడుక్కోని గోడలా ఉంటుంది. మీ ఇంటి గోడ చూడండి ఇవాళ వెళ్లి. మురికి ఎక్కడుంది? స్విచ్ బోర్డు చుట్టూ చేతి మరకలు. మంచం తలవైపు నూనె మరక, ఒక తలకాయ సైజులో, తాతగారు ఆనుకుని కూర్చునే చోట. చీపురు పెట్టే మూల. కిందనుంచి జానెడెత్తు తడిగుడ్డ మరక. ఎత్తు బట్టి ఇంట్లో పిల్లలున్నారో లేదో చెప్పొచ్చు, పిల్లలున్న ఇంట్లో రెండున్నర అడుగుల ఎత్తులో గోడంతా ఒక గీతలాగా నల్లగా ఉంటుంది, చెయ్యి రాసుకుంటూ పరిగెత్తుతారు కదా. గోడమీద మురికి మనుషులు నడిచిన దారి. అది తెలిస్తే ఎక్కడ పూయాలో తెలుస్తుంది. కాగితాలు పాతవి చేయాలంటే టీ డికాక్షన్‌లో ముంచి ఎండలో ఆరేస్తాం, మా ఫ్లోర్లో టీకి డికాక్షన్ అయిపోయిందంటే అందరూ నావంకే చూస్తారు.

కాలం తప్పులు. ఇది కాస్త ఎక్కువసేపు చెప్తా, ఎందుకంటే తిట్లు తిన్నది ఇక్కడే. ఒక సినిమా, కథ 1985లో జరుగుతుంది, పెట్టెలో డబ్బు కట్టలు చూపించాలి. నేను బుద్ధిమంతుడిలా పైన కింద అసలు నోట్లు, మధ్యలో తెల్ల కాగితాలు పెట్టి కట్టలు కట్టా. షూటింగ్ అయ్యాక ఎడిటింగ్ రూమ్‌లో ఒక అసిస్టెంట్ చూశాడు, వంద నోటు మీద గాంధీగారు నవ్వుతున్నారు. 1969లో శతజయంతికి వేసినవి వదిలేస్తే, వంద నోటు మీద గాంధీగారు వచ్చింది 1996 నుంచి. 500 నోటు మీద అంతకు ముందే, 1987లో ఆ నోటు పుట్టినప్పుడే ఉన్నారు. ఇవన్నీ నాకు అప్పుడు తెలీదు, తిట్లు తిన్నాక తెలిశాయి. ఆ షాట్ మళ్లీ తీయలేదు, నా జీతంలోంచి కోశారు. ఆ నిర్మాత పేరు చెప్పను, ఇచ్చిన జీతం కూడా పూర్తిగా ఇవ్వలేదు కాబట్టి దేంట్లోంచి కోశాడో ఇప్పటికీ నాకర్థం కాలేదు.

అప్పట్నుంచి ఒక నోటు పుస్తకం పెట్టుకున్నా. ఉత్తరం మీద పిన్ కోడ్ ఉందంటే కథ 1972 ఆగస్టు 15 తర్వాతే జరగాలి. కొట్లో బోర్డు మీద అణాల ధర రాస్తే 1957కి ముందు లెక్క, ఆ ఏడాది ఏప్రిల్ నుంచి నయాపైసలొచ్చాయి, ఆ నయా అనే మాట 1964లో తీసేశారు. కొత్త రూపాయి గుర్తు, అడ్డగీతల హిందీ "ర" లాంటిది, 2010. కలర్ టీవీ 1982. కారు నంబర్ ప్లేటు మీద టీఎస్ అని ఉంటే 2014 తర్వాత, టీజీ అంటే 2024. క్యాలెండర్ అయితే ఇంకా గొడవ, సంవత్సరం చూసి వారం చూసి పెట్టాలి, సీన్లో శుక్రవారం పూజ అంటాడు, క్యాలెండర్లో ఆ తేదీ బుధవారం. మన తెలుగిళ్లల్లో వెంకట్రామా క్యాలెండర్ లేని గోడ ఉంటుందా, అందుకని పాతవి ఎక్కడ దొరికినా కొని దాచేవాణ్ణి, మా ఆవిడ ఒకసారి అన్నీ కట్టకట్టి పాతపేపర్ వాడికి వేసేసింది, ఇరవై ఏళ్ల కాలం కిలో లెక్కన పోయింది.

ఇవన్నీ ఎవరు చూస్తారు సార్ అని అడుగుతారు. ఎవరూ చూడరమ్మా. చూడకూడదు కూడా. సరిగ్గా ఉంటే ఎవరూ చూడరు, తప్పుంటే అందరూ చూస్తారు. రంగస్థలం చూశారు కదా, 1980ల ఊరు, రామకృష్ణ గారు, మోనిక గారు వేశారు, చాలామంది గోదావరి పక్క ఏదో ఊరనుకున్నారు, హైదరాబాద్‌లో సెట్టు అన్నా నమ్మలా. ఆ నమ్మకపోవడమే వాళ్లకి అవార్డు.

సామాను ఎక్కడ దొరుకుతుంది? కృష్ణానగర్ చుట్టుపక్కల అద్దె షాపులున్నాయి, సింహాసనం నుంచి స్టెతస్కోపు దాకా అన్నీ ఇస్తారు, కానీ అక్కడి సోఫా ఒక్కటే పది సినిమాల్లో పది మంది విలన్ల ఇళ్లల్లో కనపడుతుంది. అందుకని నేను గురువారం జుమ్మేరాత్ బజార్, ఆదివారం ఎర్రగడ్డ సంత, పుస్తకాలకి ఆబిడ్స్ ఫుట్‌పాత్. పాత తలుపులు స్తంభాలు కావాలంటే కారైకుడి వెళ్తాం, తమిళనాడులో, చెట్టియార్ల ఇళ్లు కూల్చినప్పుడు వచ్చిన సామాను అమ్ముతారు. కానీ అన్నిటికన్నా మంచి దుకాణం ఏంటంటే మీ అమ్మమ్మ గారి అటక. నిజంగా చెప్తున్నా. ఎవరి ఇంటికైనా భోజనానికి పిలిస్తే నేను ముందు వంటింట్లోకి తొంగి చూస్తా, మా ఆవిడకి ఇది పరమ అసహ్యం. ఒక్కోసారి బేరం కూడా ఆడతా. "పిన్నీ, ఈ మరచెంబు ఇస్తావా, నీకు కొత్త స్టీలుది కొనిస్తా" అని. ఇచ్చేస్తారు. పాపం, కొంతమంది ఏడుస్తూ ఇస్తారు, అలాంటివి నేను తీసుకోను, తీసుకున్నా షూటింగ్ అయ్యాక తిరిగిచ్చేస్తా.

సామాను తెచ్చాక ఎలా సర్దాలి. నేనేం చేస్తానంటే, కథలో లేని సంగతులు కొన్ని నాకు నేనే రాసుకుంటా. రిటైరైన మాస్టారి ఇల్లు అని స్క్రిప్ట్‌లో ఒక్క మాటుంటుంది. ఆయన ఏం సబ్జెక్ట్ చెప్పాడు? లెక్కలు. అయితే చాక్‌పీసులు దొంగతనంగా తెచ్చుకుని డబ్బాలో దాచుకుంటాడు, తలుపు వెనక పాలలెక్క చాక్‌పీసుతో రాస్తాడు. భార్య పోయిందా ఉందా? పోయింది, రెండేళ్లయింది. అయితే ఆవిడ కళ్లజోడు ఎక్కడుంటుంది? పారేయడు. దేవుడి గూట్లో ఉంటుంది. ఆ కళ్లజోడు గురించి డైరెక్టరుకి కూడా చెప్పలేదు నేను, పెట్టా అంతే. ఆ మాస్టారు వేషం వేసిన నటుడు రిహార్సల్లో దీపం పెట్టబోయి దాన్ని చూసి ఆగిపోయాడు, చేత్తో తీసి, పంచెతో తుడిచి, మళ్లీ అక్కడే పెట్టాడు. డైలాగ్ లేదు. డైరెక్టర్ ఆ ముక్క ఉంచేశాడు. పేరు చెప్పమంటారా? చెప్పను, ఆ సినిమా వారం కూడా ఆడలా.

డబ్బుల గురించి అడుగుతారని తెలుసు, దాచేదేం లేదు. మొదట్లో రోజు బేటా, అంటే రోజువారీ బత్తెం, అదీ సినిమా ఆగిపోతే గోవిందా. యూనియన్ కార్డు ఉండాలి, దానికి ఖర్చవుతుంది, అనుభవం చూపించాలి. రాత్రీ పగలూ ఉండదు, రేపు ఉదయం షాటంటే ఇవాళ రాత్రి మనకే శివరాత్రి. థర్మాకోల్, పెయింటు, థిన్నరు, లైట్ల వేడి, వీటి మధ్య పని, నిప్పుతో చాలా జాగ్రత్త, సెట్లో బీడీ కాల్చేవాణ్ణి నేను చెయ్యి పట్టుకుని బయటికి తీసుకెళ్తా, వాడు హీరో మేనమామ అయినా సరే. చదువుకుని రావాలనుకుంటే పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఆర్ట్ డైరెక్షన్ అండ్ ప్రొడక్షన్ డిజైన్ కోర్సుంది. ఆర్కిటెక్చర్ చదివినవాళ్లు కూడా చాలామంది వస్తున్నారు, డ్రాయింగులు వాళ్లవి చాలా బావుంటాయి, కాకపోతే వందేళ్లు నిలిచేలా గీస్తారు, మాకు పది రోజులు నిలిస్తే చాలు. ఆడపిల్లలు ఇదివరకు ఈ డిపార్ట్‌మెంట్లో ఉండేవాళ్లు కాదు, ఇప్పుడొస్తున్నారు, సంతోషం. ఆ కత్తిపీట సంగతి నాకు చెప్పింది ఆవిడే కదా, వంటిల్లు సెట్ అంటే ముప్పై ఏళ్లు మగాళ్లం మేమే సర్దాం, ఎన్ని తప్పులు పెట్టుంటామో ఆలోచించండి.

ప్రశ్నలుంటే అడగండి... ఏంటమ్మా? ఏఐ వస్తే మా పని పోతుందా అనా? స్కెచ్చులు గీసే పని కొంత పోతుందేమో, ఇప్పటికే పోతోంది. గ్రీన్ మ్యాట్, అదే, వెనకాల పచ్చగుడ్డ కట్టి తీసి తర్వాత కంప్యూటర్లో బొమ్మ అతికించేది, అది వచ్చినప్పుడూ ఇదే అన్నారు, ఇప్పుడు వెనకాల బొమ్మ చూపించే ఎల్ఈడీ గోడలు కూడా వచ్చాయి. కానీ నటుడు కూర్చునే కుర్చీ, తాగే గ్లాసు, అవి మాత్రం చేతికి తగలాలి కదా. నాకు తెలిసింది అంతవరకే, మిగతాది మీ మాస్టార్లని అడగండి.

ఇంకెవరు... వెనక బాబు. మీరు వేసిన సెట్ ఏదన్నా ఇంకా ఉందా? మంచి ప్రశ్న. ఉండవు నాన్నా, పీకేస్తారు. కర్రలు ఇంకో సెట్‌కి, మిగతాది చెత్తకి. కానీ ఒకటి... సరే చెప్తా. చాలా ఏళ్ల క్రితం ఒక ఊరి బయట ఆంజనేయస్వామి గుడి సెట్ వేశాం, ప్లైవుడ్డు, ప్లాస్టరు. స్వామి కూడా ప్లాస్టరే. నేను ఆ మెట్లు మూడు రోజులు కూర్చుని చెక్కించా, మధ్యలో పల్లంగా, తరతరాలు ఎక్కిన కాళ్లకి అరిగినట్టు. షూటింగ్ అయిపోయింది, పీకడానికి మనుషులొచ్చేసరికి ఊళ్లోవాళ్లు కొబ్బరికాయలు కొడుతున్నారు. ఇరవై రోజుల షూటింగ్‌లోనే మొక్కులు మొదలయ్యాయి, ఎవరికో పెళ్లి కూడా కుదిరిందట. పీకనివ్వలా. మేనేజర్ తలపట్టుకున్నాడు, కర్రల డబ్బులు ఊళ్లో వాళ్లే చందాలేసి కట్టారు.

వానలకి ప్లాస్టర్ స్వామి ఎంతకాలం ఉంటాడు? రెండేళ్లకి రాతి విగ్రహం తెచ్చి పెట్టుకున్నారు, గోడలు ఇటుకతో కట్టుకున్నారు. పోయినేడు ఆ దారిన వెళ్తూ ఆగా. మా సెట్లోది ఏదీ మిగల్లేదు, గుడి మాత్రం మేం పెట్టిన చోటే, మేం పెట్టిన ముఖంగానే ఉంది. మెట్లు గ్రానైట్‌వి వేశారు, కొత్తవి, నున్నగా. చెప్పులు విడిచి ఎక్కబోతూ అలవాటు కొద్దీ వంగి మధ్యలో చెయ్యి పెట్టి తడిమా, అరుగుదల ఉందేమో అని. పూజారి, "ఏమైనా పోయిందా బాబూ, వెతుకుతున్నారు?" అన్నాడు.

లేదండి అన్నా. ఇంకా టైముంది అన్నా. ఆయనకి అర్థం కాలేదు.

ఆ కత్తిపీట ఎవరి దగ్గరుంది? ఇటివ్వండమ్మా, సాయంత్రం మా ఆవిడ గోంగూర తరగాలి.